తొందరగా లేచిన కుంభకర్ణుడు

తెర మీద చనిపోయిన మనిషి ఉత్తరం ఉంది. జిడ్డు ఆ ఉత్తరం చదవడం ఎప్పుడో అయిపోయింది. ఇప్పుడామె చూస్తున్నది ఉత్తరం వెనకాల ఫోటోలో నవ్వుతున్న ఆడమనిషిని.

జిడ్డు అన్నది అమ్మానాన్న పెట్టిన పేరు కాదు లెండి. పట్టుకుంటే వదలదని బావ పెట్టిన పేరు. బావంటే అక్క మొగుడు. అమ్మ పోయాక అక్క వెంట ఆ ఇంటికి వెళ్ళిన పిల్లకి పలకా బలపం కొనిచ్చిందీ, కాలేజీ ఫీజు కట్టిందీ, చివరికి తన డిటెక్టివ్ ఏజెన్సీలో పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టిందీ ఆయనే. ఏజెన్సీలో మనుషుల్ని కదపడం ఆమె పని, కంప్యూటర్లని కదపడం ఆయన పని. ఇన్నేళ్ళలో ఒకరి మాట ఒకరు తిరిగి సరిచూసుకున్నది లేదు.

కేసు చూడబోతే మూడు ముక్కల్లో తేలిపోయేదే. మొన్న సాయంత్రం లిఫ్టుల ఇంజనీరొకాయన తన ఈ ఆఫీసు వెనక మెట్ల మీంచి పడి ప్రాణం వదిలాడు. ఆయన ల్యాప్‌టాప్ కంప్యూటర్ తెరిస్తే ఈ ఉత్తరం. "ఆసుపత్రి లిఫ్టు తెగిపడడానికి నా లెక్కలో తప్పే కారణం. ఈ భారం మోయలేను. అందరూ క్షమించాలి." పోలీసులు ఆత్మహత్య అన్నారు. లిఫ్టు కంపెనీ "అయ్యో పాపం" అంటూనే హాయిగా ఊపిరి పీల్చుకుంది. ఇవాళ సాయంత్రం పోలీసు రిపోర్టు వెళ్ళిపోతే ఆ ముసలాయన పేరు శాశ్వతంగా బురదలో పడుతుంది. అది చూడలేకే కూతురు ఏజెన్సీ మెట్లెక్కింది. ఆవిడ పళ్ళ డాక్టరు.

పొద్దున కారులో వస్తున్నంతసేపూ బావ ఒకటే సణుగుడు. "పోయినాయన కంప్యూటర్లో ఏముంటుందే? నెలల తరబడి ఆపకుండా నిద్రపుచ్చుతూ లాక్కొచ్చిన నత్త అది. దాన్ని కెలికితే వచ్చేది తలనొప్పే. డాక్టరమ్మకి నాలుగు మంచిమాటలు చెప్పి పంపించెయ్." జిడ్డు ఊఁ కొట్టింది కానీ వినలేదు. తీరా ఇక్కడికొచ్చాక సామాను సంచీ కారులో మర్చిపోయానంటూ ఆయన మళ్ళీ కిందికి దిగాడు.

"చూడ్డం అయిందా జిడ్డు గారూ?" అన్నాడు ఇన్‌స్పెక్టర్ కిటికీ దగ్గర నుంచి. డిపార్ట్‌మెంట్‌లో ఆయన ముద్దుపేరు క్లోజ్. ఇరవయ్యేళ్ళ సర్వీసులో తెరిచిన ఫైళ్ళ కన్నా మూసినవే ఎక్కువని తోటివాళ్ళు ఏడిపిస్తుంటారు. "మధ్యాహ్నం దాకా టైమిచ్చాను. నా మంచితనం అంతవరకే."

"ఉత్తరం చూశాను. కళ్ళజోడు చూస్తున్నాను."

కళ్ళజోడు పెట్టె కీబోర్డు పక్కనే ఉంది. మూత వేసి ఉంది, లోపల జోడు మడత పెట్టి ఉంది.

"చావబోయేవాడికి కళ్ళజోడెందుకమ్మా?"

"చావడానికి అక్కర్లేదు. టైప్ చెయ్యడానికి కావాలి. పెట్టెలో భద్రంగా పెట్టి, పైగా మూత కూడా వేసి వెళ్ళి దూకాడంటారా?"

"పద్ధతి గల మనిషి."

"పద్ధతి గల మనిషికి బల్ల ఇలా ఉంటుందా?"

ఇన్‌స్పెక్టర్ బల్ల వైపు చూడక తప్పలేదు. కాగితాల గుట్ట, మూత లేని పెన్నులు, కాగితాలు ఎగరకుండా బరువుకి పెట్టిన అరిగిపోయిన లిఫ్టు బ్రేకు ముక్క. సూది మోపడానికి చోటు లేదు. ఆయన ముక్కు చీది రుమాలు జేబులో పెట్టుకున్నాడు.

జిడ్డు పక్కనే నిలబడ్డ ఇంజనీరు కూతురి వైపు తిరిగింది. "డాక్టరమ్మా, తెర మీదున్న ఫోటో ఎవరిది?"

ఆవిడ పెదవులు బిగబట్టింది. "మా అమ్మ. పోయి ఆరేళ్ళయింది."

"ఇది ఎప్పటి నుంచి ఉందిక్కడ?"

"తెలీదండీ. నిన్న పోలీసులు తెరిచినప్పుడే మొదటిసారి చూశాను."

"రోజూ ఈ గదికి వచ్చేవారా?"

"క్లినిక్ కట్టేశాక నాన్నని తీసుకెళ్ళడానికి దాదాపు రోజూ వచ్చేదాన్ని. మొన్న ఒక్కరోజే ఆలస్యమైంది."

"రోజూ వస్తూ ఫోటో చూడలేదా?"

"ఎలా కనిపిస్తుందండీ? ఆ బల్ల ఎలా ఉందో తెరా అలాగే ఉండేది. డ్రాయింగు మీద డ్రాయింగు, లెక్క మీద లెక్క. ఏదీ మూసేవాడు కాదు. అసలు కంప్యూటర్ ఆపేవాడే కాదు. హైబర్నేట్ అని ఉంటుంది చూడండి, అది నొక్కి వచ్చేసేవాడు. పొద్దున బటన్ నొక్కితే అన్నీ ఎక్కడివక్కడే లేచేవి. దాన్ని మేం కుంభకర్ణుడు అనేవాళ్ళం."

"మూత వేస్తే పట్టే కునుకు కాదు, అసలు నిద్ర."

"ఆ. కరెంటు కూడా తాగదట. బుర్రలో ఉన్నదంతా డిస్కు మీద రాసేసుకుని పడుకుంటుంది. మంచితోపాటు చెత్త కూడా రాసుకుంటుంది కదండీ, అదీ ఇబ్బంది. ఆపి పెడితే చెత్త పోతుంది, పడుకుని లేస్తే ఉన్న చెత్తతోనే లేస్తుంది. అదలా పేరుకుని పేరుకుని, బటన్ నొక్కి టీ కలుపుకుని తాగి కప్పు కడుక్కుని వచ్చినా ఇంకా ఆవులిస్తూనే ఉండేది. ఒక్కసారి రీస్టార్ట్ చెయ్యి నాన్నా అని ఎన్నిసార్లు బతిమాలానో. 'నా బల్ల ఎవరైనా సర్దితే నువ్వు ఊరుకుంటావా? ఇదీ అంతే' అనేవాడు."

జిడ్డు మళ్ళీ తెర వైపు చూసింది. నిన్న పోలీసులు అలాగే నిద్రపుచ్చి వేసిన సీలు ఇందాక విప్పి బటన్ నొక్కింది ఆమే. ఇన్‌స్పెక్టర్ తుమ్ముకీ తుమ్ముకీ మధ్య కంప్యూటర్ లేచి కూర్చుంది.

"క్లోజ్ గారూ, ఇందాక ఎంతసేపట్లో లేచింది?"

"ఠపీమని లేచింది. మా స్టేషన్లోది ఇలా లేస్తే నేను రోజూ దండం పెట్టుకుంటాను."

"టీ కలుపుకునే టైముందా?"

"టీ పొడి డబ్బా మూత తీసే టైము కూడా లేదు. అయితే ఏంటట?"

"మిగతా డ్రాయింగులేవి? నిన్న మీరు తెరిచేసరికి ఉత్తరం, ఉత్తరం వెనక ఈవిడ ఫోటో. అంతేగా?"

"పోయేముందు అన్నీ మూసేసుకున్నాడు. మనుషులకి అలా అనిపిస్తుంది."

"మూసేస్తే ఫోటో కనబడుతుంది, ఒప్పుకుంటాను. జబ్బెలా కుదిరింది? నెలల చెత్త ఎవరు ఊడ్చారు? దీన్ని ఎవరో పూర్తిగా ఆపి మళ్ళీ పెట్టారు. ఆ తర్వాతే ఉత్తరం రాశారు. మళ్ళీ ఆయన అలవాటు ప్రకారమే నిద్రపుచ్చి పోయారు, మీరు తెరవగానే మొహమ్మీద కొట్టినట్టు ఉత్తరం కనబడాలని."

ఇన్‌స్పెక్టర్ నవ్వాడు. "తొందరగా లేచిన కంప్యూటరు, మూత వేసిన కళ్ళజోడు. వీటితో హత్య కేసా? జడ్జిగారు నన్ను కుర్చీతో కొడతారు."

అప్పుడే బావ సంచీతో లోపలికొచ్చాడు. మెట్లెక్కిన ఆయాసంతో నుదురు తుడుచుకుని, అందరినీ పలకరించి, కుర్చీ లాక్కుని కంప్యూటర్ ముందు కూర్చున్నాడు. "ఏది, జరుగు జిడ్డూ. ముందు ఒకసారి ఆపి మళ్ళీ పెడతాను. శుభ్రంగా లేస్తే అప్పుడు వెతుకుదాం."

ఆయన వేలు బటన్ దాకా వెళ్ళింది. జిడ్డు చప్పున ఆ చెయ్యి పట్టుకుంది.

"ఆపకు బావా!"

"ఏంటే ఆ కంగారు?"

"ఆపితే ఉత్తరం పోతుంది. సేవ్ చెయ్యలేదు."

"ఓ, సరే సరే." చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. జిడ్డుకి లోపల నవ్వొచ్చింది. ఇంట్లో మిక్సీ ఆగినా, ఫోను మొరాయించినా, ఫ్యాను కిర్రుమన్నా బావది ఒకటే మంత్రం. ముందు ఆపి మళ్ళీ పెట్టు. అక్క కోప్పడితే కూడా "మీ అక్కని కూడా ఒకసారి ఆపి పెట్టాలే" అని నవ్వించేవాడు.

"కంప్యూటర్ తన డైరీ తనే రాసుకుంటుంది కదా, అది చూడు. ఎప్పుడు లేచిందో, ఎప్పుడు పడుకుందో."

బావ ఏవో తెరిచాడు, మూశాడు. పెదవి విరిచాడు. "డైరీ ఖాళీ. పాడైపోయినట్టుంది. ఇందులో ఏం లేదే. ఇన్‌స్పెక్టర్ గారు చెప్పిందే నిజమేమో, పోనీలే."

"నేను చెప్తే వినరు, మీ బావగారు చెప్తేనన్నా వినండి!" అన్నాడు క్లోజ్ టోపీ అందుకుంటూ.

జిడ్డు వినే రకమైతే ఆ పేరెందుకొస్తుంది? "ఒక్క నిమిషం బావా, లే" అని తను కూర్చుంది. ఆమెకి తెలిసిన కంప్యూటర్ విద్య అంతా బావ పెట్టిన భిక్షే. అందులో ఒకటి, కంప్యూటర్ ఎంతసేపటి నుంచి నడుస్తోందో చూపించే చిన్న కిటికీ. చిన్నప్పుడు ఆమె ఆటలాడి ఏమీ ఎరగనట్టు కూర్చుంటే బావ ఆ కిటికీ తెరిచి దొంగతనం పట్టేసేవాడు. "నిద్రపోయి లేచినంత మాత్రాన మనిషి వయసు తగ్గుతుందా? దీనికీ తగ్గదు. పూర్తిగా ఆపి పెడితేనే మళ్ళీ పుట్టినట్టు లెక్క" అని నేర్పింది ఆయనే.

కిటికీ తెరుచుకుంది. ఒక రోజు, పదహారు గంటలు.

"ఇన్‌స్పెక్టర్ గారూ, మీ గడియారంలో ఎంతైంది?"

"పదకొండుంబావు."

"నలభై గంటలు వెనక్కెళ్ళండి."

ఆయన వేళ్ళ మీద లెక్కపెట్టాడు. పెట్టి ఆగాడు. మళ్ళీ మొదట్నించి పెట్టాడు. "మొన్న సాయంత్రం... ఏడుంబావు."

"డాక్టరమ్మ వాళ్ళ నాన్న చేతికి పట్టీ కట్టింది. గుండె కొట్టుకోవడం లెక్కపెట్టే పట్టీ. అది ఎప్పుడాగింది? మీ రిపోర్టులో మీరే రాశారు."

క్లోజ్ మొహంలో నవ్వు మెల్లగా దిగిపోయింది. "ఏడుకి పది నిమిషాలు తక్కువ."

"కిందపడి ప్రాణం పోయిన మనిషి పైకొచ్చి, కంప్యూటర్ ఆపి మళ్ళీ పెట్టి, కళ్ళజోడు లేకుండా ఉత్తరం రాసి, దాన్ని నిద్రపుచ్చి, మళ్ళీ వెళ్ళి మెట్ల కింద పడుకున్నాడా?"

కూతురు రెండు చేతుల్లో మొహం దాచుకుంది. ఏడుస్తూనే "నాన్న రాయలేదు. రాయలేదని నాకు తెలుసు" అంటోంది.

"ఆ లెక్క ఒక్కోసారి తప్పు చూపిస్తుంది" అన్నాడు బావ వెనక నుంచి. "దాన్ని నమ్మి ఒకరి మీద నింద వెయ్యలేం."

"తప్పో ఒప్పో మా ల్యాబ్ వాళ్ళు తేలుస్తారు" అన్నాడు ఇన్‌స్పెక్టర్. గొంతు మారింది. ఎంత మూసే మనిషైనా పోలీసే మరి. "ఇది ఉన్నదున్నట్టు ల్యాబ్‌కి వెళ్ళాలి. తెరకి ఫోటోలు తీసి పట్టుకెళ్తే లాయర్లు చింపి చేతికిస్తారు. నేను కిందికెళ్ళి మా పెద్దాయనకి ఫోన్ చేస్తాను, ఇక్కడ సిగ్నల్ చావదు. దాన్ని జాగ్రత్తగా కిందికి తెండి."

"బావ తెస్తాడు" అంది జిడ్డు. "ఇంటి మనిషి."

"మీ మనిషే కాబట్టి మీదే పూచీ." క్లోజ్ వెళ్ళిపోయాడు.

బావ ఎవరితోనో మాట్లాడాలంటూ ఫోను పట్టుకుని వరండాలోకి నడిచాడు. కూతురు కళ్ళు తుడుచుకుని కంప్యూటర్ దగ్గర కూర్చుంది. తండ్రి ఎలా చేసేవాడో అలాగే హైబర్నేట్ నొక్కి, తెర చీకటయ్యాక మూత వేసి దాని సంచీలో పెట్టింది.

"మేడమ్, ఇది తాబేలులా నడిచేదని కోర్టులో కూడా చెప్పాలా? నాన్న పరువు పోతుందేమో."

"చెప్పాల్సిందే. ఆ సంగతి ఇంకెవరికి తెలుసు? కంపెనీ వాళ్ళకి?"

"ఎవరికీ తెలీదు. నాన్న దాన్ని ఎవర్నీ ముట్టుకోనిచ్చేవాడు కాదు. నాకు తెలుసు, ఆయనకి తెలుసు. ఇప్పుడు మీకు చెప్పాను, అంతే."

జిడ్డు తలుపు దాకా వెళ్ళి ఆగిపోయింది.

నెలల తరబడి ఆపకుండా నిద్రపుచ్చుతూ లాక్కొచ్చిన నత్త అది.

పొద్దున కారులో బావ అన్న మాట. ఈ గది తలుపు తియ్యకముందు, ఈవిడ నోరు విప్పకముందు అన్న మాట. ఇవాళ అందరి కళ్ళముందూ ఆ కంప్యూటర్ లేడిపిల్లలా లేచింది. అది నత్తలా నడవడం చూసినవాడు మొన్న సాయంత్రం ఏడుంబావుకి ముందు దాని ముందు కూర్చున్నవాడే అయ్యుండాలి.

కాదు, ఎవరో చెప్పుంటారు. కాదు, ఊరికే అన్నాడు. చిన్నప్పుడు జ్వరమొస్తే రాత్రంతా తడిగుడ్డ వేసిన చెయ్యి అది. ఆ చేతికి ఎన్ని సాకులు వెతకాలో అన్నీ వెతికింది. ఒక్కటీ నిలబడలేదు. ఖాళీ డైరీ, బటన్ దాకా వెళ్ళిన వేలు, ముందు ఆపి మళ్ళీ పెట్టు.

"నడవండి, నేను సంచీ తెస్తాను" అని బావ వచ్చి భుజాన తగిలించుకున్నాడు. కూతుర్ని ముందు లిఫ్టులో పంపించాడు. "మనం వెనక మెట్ల మీంచి దిగుదాం జిడ్డూ, ఆయన పడ్డ చోటు ఒకసారి చూద్దువుగాని."

మెట్ల తలుపు వాళ్ళ వెనక మూసుకుంది. ఇనుప కమ్మీ, సన్నటి మెట్లు, కింద ఎక్కడో గచ్చు. జిడ్డు పై మెట్టు మీద నిలబడి గోడకి ఆనుకుంది.

"బావా, అది నత్త అని నీకెవరు చెప్పారు?"

"ఏది?"

"పొద్దున కారులో అన్నావు."

ఆయన నవ్వబోయాడు. నవ్వు సగంలో ఆగిపోయింది. మరదలి మొహం చదవడం ఆయనకి కొత్తా?

"పట్టుకుంటే వదలవు కదే" అన్నాడు చివరికి. "కంపెనీ వాళ్ళు నాకు నాలుగు నెలలుగా పనిస్తున్నారు. నీకు చెప్పలేదు. చవక బ్రేకులు వేశారని ముసలాయన లెక్కలు కట్టాడు. ఆ ఫైళ్ళు తీసెయ్యమన్నారు, అంతే. ఆయన వెళ్ళిపోయాకే లోపలికెళ్ళాను. కళ్ళజోడు మర్చిపోయానని వెనక్కొచ్చాడు. నన్ను చూసి అరుస్తూ మెట్లవైపు పరిగెత్తాడు. నేను తొయ్యలేదు జిడ్డూ, మీ అక్క మీద ఒట్టు. భుజం మీది సంచీ పట్టుకున్నాను. జారిపోయాడు."

"పడ్డాక దగ్గరికి దిగావా?"

ఆయన భుజాన సంచీ పట్టీ సర్దుకున్నాడు.

"దిగలేదు. ఊపిరుందో లేదో కూడా చూడలేదు. పైకెళ్ళి ఫైళ్ళు చెరిపావు. కంప్యూటర్ కదలకపోతే విసుగొచ్చి ఆపి పెట్టావు. ఆయన పేరుతో ఆయన మీదే తప్పు రాశావు. రాసి ఇంటికొచ్చి మాతో కూర్చుని అన్నం తిన్నావు! నిన్న ఆ పిల్ల మన ఆఫీసులో ఏడుస్తుంటే మంచినీళ్ళు తెచ్చిచ్చావు కదా బావా, ఎలా ఇవ్వగలిగావు?" ఆమె ఆయన మొహంలోకి చూసింది. "నీ మాట మీద ఎన్ని కేసుల్లో ఎంతమందిని నేను దొంగలన్నాను? వాటిల్లో ఎన్ని నిజం?"

"అరవకు. ఇంటి పరువు ఆలోచించు. అక్క సంగతి ఆలోచించు." సంచీ లోంచి కంప్యూటర్ బయటికి తీశాడు. "సాక్ష్యం ఇదొక్కటే. మూత వేస్తే కునుకే కదా, ఇప్పుడు బటన్ గట్టిగా పట్టుకుంటే ఉత్తరం పోతుంది, లెక్క పోతుంది. మెట్ల మీద చెయ్యి జారిందందాం. నువ్వు ఏం మాట్లాడకు, చాలు."

మూత తెరిచి బొటనవేలితో బటన్ నొక్కి పట్టాడు.

అది కునుకులో లేదు. వరండాలో ఫోనులో ఉన్న ఆయనకి ఆ సంగతి తెలీదు. కుంభకర్ణుడు అసలు నిద్రలో ఉన్నాడు, ఉన్నదంతా డిస్కు మీద రాసుకుని. నొక్కిన బటన్ వాణ్ణి చంపలేదు, లేపింది. పాత జబ్బే ఉంటే లేవడానికి ఒక టీ పట్టేది, ఈలోపు బావకి తెలిసొచ్చి ఇంకేదైనా చేసేవాడు. తెర భగ్గుమని వెలగ్గానే ఆయన ఉలిక్కిపడి వేలు వదిలేశాడు. ఆ క్షణంలోనే జిడ్డు కంప్యూటర్ లాక్కుని గుండెకి అదుముకుంది. ఆయన చెయ్యి ఆమె భుజం పట్టుకుంది. మడమ మెట్టు అంచు మీంచి జారింది. ఆమె కమ్మీ దొరకబుచ్చుకుంది.

"క్లోజ్ గారూ!" అని అరిచింది. ఆ అరుపు మెట్లన్నీ దొర్లుకుంటూ కిందికెళ్ళింది.

"వస్తున్నా!" కింద నుంచి బూట్ల చప్పుడు రెండేసి మెట్లు దాటుకుంటూ పైకొచ్చింది. బావ చెయ్యి భుజం మీంచి దానంతటదే జారిపోయింది. మెట్టు మీద కూలబడ్డాడు.

ఇన్‌స్పెక్టర్ వచ్చి ఆయన్నీ ఆమెనీ మార్చి మార్చి చూశాడు. జిడ్డు తెర ఆయన వైపు తిప్పింది. నవ్వుతున్న ఇల్లాలు, ఆవిడ మీద మొగుడు రాయని ఉత్తరం, పక్కనే నడుస్తున్న లెక్క. అన్నీ ఎక్కడివక్కడే ఉన్నాయి.

"దీన్ని ఆపి పెట్టింది ఈయనే. నా ఎదురుగా ఒప్పుకున్నాడు. ఇప్పుడు మళ్ళీ ఆపబోయాడు. రాసుకోండి."

"మీ బావగారా?" అన్నాడు క్లోజ్. వెక్కిరించడానికి ఇంతకన్నా మంచి అదను దొరకదు, అయినా ఆ మనిషి వెక్కిరించలేదు. వంగి బావ రెక్క పట్టుకున్నాడు.

బావ చొక్కా జేబులో ఫోను మోగింది. అది అక్క ఫోను చేస్తేనే మోగే పాట. ఎవరూ కదల్లేదు. పాట అయిపోయి మళ్ళీ మొదలైంది.

"మీరు ఎత్తండి" అన్నాడు ఇన్‌స్పెక్టర్ మెల్లగా.

జిడ్డు కంప్యూటర్ ఒక చేత్తో పట్టుకుని రెండో చేత్తో ఫోను తీసింది.

"ఏమండీ, వంటయిపోయింది" అంది అక్క. "భోజనానికి ఇద్దరూ వస్తున్నారా, లేదా?"

జిడ్డు బావ వైపు చూసింది. ఆయన తలెత్తలేదు.

"నేనొక్కదాన్నే వస్తున్నానక్కా."